ముగ్గురు దర్శకులు, ఒకే కలం

సోవియట్ సినిమా గురించి మాట్లాడినప్పుడు లరీసా షెపిత్కో, కీరా మురతోవా, ఇల్యా అవెర్బాఖ్ పేర్లు తప్పక వస్తాయి. ఆ ముగ్గురికీ కథలు రాసిన నతాల్యా రియాజంత్సెవా పేరు మాత్రం అంతగా వినిపించదు. 1938లో మాస్కోలో పుట్టి, అక్కడి ప్రభుత్వ సినిమా విద్యాసంస్థలో చదువుకున్న రచయిత్రి ఆమె. 2023లో కన్నుమూశారు. ఆమె రాసిన మూడు సినిమాలను పక్కపక్కన పెట్టి చూస్తే, దర్శకులు మారినా మారనిదేదో కనబడుతుంది. అది ఆమెదేనని నా వాదన.

1966లో షెపిత్కో తీసిన ‘రెక్కలు’లో నదేజ్దా పెత్రూఖినా ఒకనాటి యుద్ధ విమాన చోదకురాలు. ఇప్పుడు ఒక వృత్తివిద్యా పాఠశాలకు పెద్ద. ఆమె ఫొటో మ్యూజియంలో ఉంది గానీ విద్యార్థులకు ఆమె అంటే గిట్టదు, పెంపుడు కూతురు కూడా దూరంగానే మసలుతుంది. 1971లో మురతోవా ఒదెస్సా స్టూడియోలో తీసిన ‘సుదీర్ఘ వీడ్కోళ్లు’లో ఒంటరి తల్లికి ఒకటే బెంగ: ఎదిగిన కొడుకు తండ్రి దగ్గరికి వెళ్లిపోతాడేమోనని. ఆ బెంగతోనే కొడుక్కి ఊపిరాడనివ్వదు. 1975లో అవెర్బాఖ్ తీసిన ‘ఇతరుల ఉత్తరాలు’లో టీచరు ఆదరించిన అమ్మాయే ఆమె సొంత ఉత్తరాలు తీసి చదివేస్తుంది. అందులో తప్పేముందో ఆ పిల్లకు అర్థమయ్యేలా చెప్పడం టీచరు వల్ల కాదు. యుద్ధవీరురాలు, తల్లి, గురువు: సోవియట్ సమాజం పీటవేసి కూర్చోబెట్టిన ముగ్గురు వీళ్లు. రియాజంత్సెవా వాళ్లను ఆ పీట మీంచి దింపలేదు, అవమానించలేదు. తమ గౌరవం, తమ మంచితనం పిల్లల ముందు పనికిరాకుండా పోయిన క్షణంలో వాళ్లెలా ఉంటారో చూపించారు. తప్పు పిల్లలదనీ అనలేదు, పెద్దలదనీ అనలేదు.

నా వాదనకు అభ్యంతరాలు ఉన్నాయి, బలమైనవే. ‘రెక్కలు’ ఆమె ఒక్కరే రాసింది కాదు, వలెంతీన్ యెజోవ్‌తో కలిసి రాసింది. నిజమే, ‘సైనికుడి గాథ’ సినిమా రాసినవారిలో ఒకరైన ఆయనకు యుద్ధకథలు కొత్త కాదు. అయితే యెజోవ్ లేని తక్కిన రెండు సినిమాల్లోనూ అదే ఇరకాటం మళ్లీ తలెత్తుతోందంటే, దాని మూలం ఎక్కడుందో ఊహించడం కష్టం కాదు. మురతోవా సినిమా గొప్పతనమంతా దర్శకత్వంలోనే ఉందనేవారూ ఉన్నారు. మాటలు పదేపదే తిరిగి రావడం, దృశ్యాలు ఉన్నట్టుండి తెగిపోవడం మురతోవా పద్ధతే, ఒప్పుకుంటాను. ఆ సినిమాను అధికారులు ఆపేయడంతో 1987 దాకా విడుదల కాలేదు. సోవియట్ పద్ధతిలో షూటింగుకు ముందే స్క్రిప్టుకు ఆమోదం కావాలి కాబట్టి, అధికారులకు మింగుడుపడనిది తీసిన తీరే తప్ప రాసింది కాదనీ అనవచ్చు. కానీ తల్లిని మందలించే మాట గానీ, కొడుకుని దారిలో పెట్టే సన్నివేశం గానీ కథలోనే ఉండి ఉంటే, ఎంత కొత్తగా తీసినా చివరికది నీతిపాఠంగానే మిగిలేది. ఆఖర్లో కొడుకు వెళ్లనంటాడు. దాన్ని తల్లి గెలుపు అనడానికి రచయిత్రి మనకు ఏ ఆధారమూ ఇవ్వలేదు.