రెండో శనివారం, నాలుగో శనివారం

భార్యాభర్తలు విడిపోయిన ఇంట్లో పెద్దమనుషులు కూర్చున్నారంటే ఒక మాట తప్పకుండా వస్తుంది: ఐదేళ్ల దాకా బిడ్డ తల్లిది, ఆ పైన తండ్రిది. ఇందులో మొదటి సగానికి చట్టం ఆసరా ఉంది. రెండో సగానికి లేదు.

హిందువుల విషయంలో 1956 నాటి మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం ఐదేళ్లు నిండని బిడ్డ సాధారణంగా తల్లి దగ్గర ఉండాలంటుంది. ఐదు నిండగానే తండ్రికి అప్పజెప్పాలని మాత్రం ఎక్కడా అనదు. అదే చట్టం పదమూడో సెక్షన్ ప్రకారం అన్నిటికన్నా ముందు చూడాల్సింది బిడ్డ బాగు. తల్లి హక్కు, తండ్రి హక్కు దాని తర్వాతే. రచయిత్రి గీతా హరిహరన్ వేసిన కేసులో 1999లో సుప్రీంకోర్టు, తండ్రి బతికి ఉన్నా తల్లి సహజ సంరక్షకురాలు కావచ్చని తేల్చింది.

నెల్లూరు జిల్లా వెంకటాచలంలో పుట్టింటికి వచ్చేసిన ఓ ఇల్లాలిని ఊహించుకుందాం. భర్త చెన్నైలోనో హైదరాబాద్‌లోనో ఉద్యోగం చేస్తున్నాడు. బిడ్డ కోసం అతను కేసు వేయాలంటే ఎక్కడ వేయాలి? 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం ప్రకారం బిడ్డ మామూలుగా ఉంటున్న చోటే లెక్క. బిడ్డ వెంకటాచలంలో స్థిరపడి అక్కడి బడికి వెళుతుంటే తండ్రి నెల్లూరు రావాల్సిందే. ఈ సంగతి తెలిసినవాళ్లు కొందరు కోర్టు గడప తొక్కకముందే బిడ్డను రాత్రికి రాత్రి ఊరు దాటిస్తారు. కేసును తమకు అనువైన చోటికి లాక్కోవాలన్న ఆ తొందరలో బిడ్డ పుస్తకాలు, స్నేహితులు, అలవాటైన ఇల్లు వెనకే ఉండిపోతాయి.

అలా దాటించడం ఎంత దూరం వెళుతుందో తిరుపతిలో మొదలైన ఒక కాపురం చూపించింది. 2000 డిసెంబరులో అక్కడ పెళ్లయిన జంటకు 2002 జూలైలో అమెరికాలో కొడుకు పుట్టాడు. ఏడాది తిరిగేసరికి విడాకుల కేసు. బిడ్డను ఇద్దరూ కలిసి చూసుకోవాలని న్యూయార్క్ కోర్టులో ఒప్పందాలు రాసుకున్నారు. 2007 జూన్‌లో అలాంటి ఉత్తర్వు ఒకటి వచ్చిన పది రోజులకే తల్లి బిడ్డతో భారత్‌కు వచ్చేసింది. చెన్నైలో తన తల్లిదండ్రుల ఇంట్లో ఉంటానని చెప్పింది కానీ, ఆచూకీ దొరకలేదు. బిడ్డను కోర్టు ముందు హాజరుపరచాలని తండ్రి సుప్రీంకోర్టులో హెబియస్ కార్పస్ పిటిషన్ వేశాడు. పలు రాష్ట్రాల పోలీసులు వెతికారు. రెండేళ్లు గడిచాక, 2009 అక్టోబరులో సీబీఐ ఆ తల్లీబిడ్డలను చెన్నైలో కనిపెట్టింది. బాబుకు అప్పటికి ఏడేళ్లు నిండాయి.

నవంబరు 13న తీర్పు వచ్చింది. ఒక రాష్ట్రం నుంచి ఇంకో రాష్ట్రానికి తిరుగుతూ వచ్చిన ఆ బాబు ఇక్కడ ఎక్కడా వేళ్లూనుకోలేదని కోర్టు గమనించింది. పదిహేను రోజుల్లో తల్లే బాబును అమెరికా తీసుకెళ్లాలని, ఆమె ప్రయాణం, బస ఖర్చు తండ్రి పెట్టుకోవాలని, అక్కడ ఆమెపై ఉన్న అరెస్టు వారెంట్లు ఎత్తేయాలని అతనే అధికారులను కోరాలని చెప్పింది. బిడ్డ ఎవరి దగ్గర ఉండాలన్నది అక్కడి కోర్టుకే వదిలింది. అంటే రెండేళ్ల పరుగు తర్వాత తగవు బయల్దేరిన చోటికే చేరింది.

ఇలాంటి కేసులన్నీ ఇలాగే ముగుస్తాయని కాదు. పిల్లల అపహరణపై 1980 నాటి హేగ్ ఒప్పందంలో భారత్ చేరలేదు. అందుకే విదేశీ ఉత్తర్వును చూసీ చూడగానే మన కోర్టు బిడ్డను విమానం ఎక్కించదు. బిడ్డ బాగును తానే తూచుకుంటుందని, విదేశీ ఉత్తర్వు అందులో ఒక అంశం మాత్రమేనని 2017లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

ఊళ్లలో అసలు రభస కస్టడీ ఎవరికన్న దాని కన్నా కలిసే రోజు దగ్గరే ఎక్కువ. ‘నెలకు రెండుసార్లు చూడవచ్చు’ అని ఉత్తర్వులో ముక్తసరిగా ఉంటే చాలు, గొడవకు దారి దొరికినట్టే. ఏ రోజు? ఎవరు దింపాలి? ఆ రోజు పరీక్ష ఉంటే? సంక్రాంతి ఎవరింట్లో? రెండో, నాలుగో శనివారం ఉదయం పది నుంచి సాయంత్రం ఐదు దాకా, ఫలానా చోట అప్పగింత, వేసవి సెలవుల్లో సగం అక్కడ సగం ఇక్కడ అని విడమరిచి రాయించుకుంటే ప్రతి వాయిదాకూ కొత్త పంచాయితీ ఉండదు. తండ్రి కువైట్‌లో ఉంటే వీడియో కాల్ వేళ కూడా అందులో ఉండాలి. దూరాన ఉన్న తల్లి లేదా తండ్రి ఫోన్లో, వీడియోలో పలకరించే వీలు కల్పించాలని 2020లో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది.

మనోవర్తి ఇవ్వలేదని బిడ్డను చూపించకపోవడం, చూపించలేదని మనోవర్తి ఆపేయడం రెండూ తప్పే. డబ్బు బాకీకి వేరే పిటిషన్ ఉంది. బిడ్డను తాకట్టు పెట్టే పని లేదు.

ఉత్తర్వు శిలాశాసనమూ కాదు. కస్టడీ ఉత్తర్వులు స్వభావరీత్యా తాత్కాలికమని, పరిస్థితి మారితే మార్చవచ్చని సుప్రీంకోర్టు 1973లోనే అంది. బిడ్డకు బుద్ధి తెలిసే వయసు వస్తే జడ్జి ఆ బిడ్డ ఇష్టాన్ని కూడా లెక్కలోకి తీసుకోవచ్చు. అందుకే జడ్జీలు చాలాసార్లు పిల్లలను చాంబర్‌లోకి పిలిచి, పెద్దలు లేకుండా మాట్లాడతారు. ముందు రాత్రి ఇంట్లో నేర్పి పంపిన జవాబులు అక్కడ తేలిగ్గానే బయటపడతాయి.

ప్లీడరు ఫీజుకు భయపడి ఆగిపోయేవాళ్లు తెలుసుకోవాల్సింది ఒకటి ఉంది. 1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం మహిళలకు, పిల్లలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది. ఆదాయం తక్కువగా ఉన్న తండ్రులకూ ఆ అవకాశం ఉంది. నెల్లూరులోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు అర్జీ ఇవ్వవచ్చు, లేదా 15100 నంబరుకు ఫోన్ చేయవచ్చు.