నల్ల పావుల ఓపెనింగ్ సమాహారం

చదరంగంలో ప్రత్యర్థి తొలి ఎత్తులకు జవాబుగా నల్ల పావుల ఆటగాడు ముందుగానే సిద్ధపరచుకొన్న ఎత్తుల వరుసలను ఓపెనింగ్ సమాహారం అంటారు. మొదటి ఎత్తు తెలుపుది. ఇ4, డి4, సి4, గుర్రం ఎఫ్3 లలో దేనితోనైనా తెలుపు ఆటను ప్రారంభించవచ్చు. ఒక్కొక్కదానికి వేరువేరు పద్ధతి నేర్చుకొనడానికి విద్యార్థులకు సమయం చాలదు. అందువలన బంట్ల అమరిక ఒకే విధంగా ఉండే పద్ధతులను ఎంచుకోవడం ప్రయోజనకరం.

ఉమ్మడి అమరికలు

సి6, డి5 గళ్ళలో బంట్లను నిలిపే పద్ధతి వీటిలో ముఖ్యమైనది. ఇ4కు జవాబుగా ఈ విధంగా ఆడితే కారో-కాన్ డిఫెన్స్ అనీ, డి4, సి4 ఎత్తులకు జవాబుగా ఆడితే స్లావ్ డిఫెన్స్ అనీ అంటారు. హొరేషియో కారో, మార్కస్ కాన్ 1886లో విశ్లేషణ ప్రచురించడం వలన మొదటిదానికి ఆ పేరు వచ్చింది. రెండింటిలోనూ సి6 బంటు డి5 బంటుకు అండగా నిలుస్తుంది, సి8 లోని శకటుకు దారి మూసుకుపోదు. 1.డి4 సి6 2.ఇ4 డి5 అని ఆడినా ఆట కారో-కాన్‌లోకే చేరుతుంది.

రెండవ అమరిక ఇ6, డి5. ఇ4కు ఫ్రెంచ్ డిఫెన్స్, డి4కు క్వీన్స్ గాంబిట్ డిక్లైన్డ్ ఈ కోవకు చెందుతాయి. కేంద్రం దృఢంగా ఉంటుంది కాని, ఇ6 బంటు సి8 శకటుకు అడ్డుపడుతుంది.

పరిమితులు

సి6 బంటు బి8 గుర్రానికి సహజమైన గడిని ఆక్రమిస్తుంది. తరువాత సి5 ఆడవలసి వస్తే ఒక ఎత్తు వృథా అవుతుంది. అమరిక ఒకటే అయినా ఎత్తుల క్రమం ఒకటి కాదు. కారో-కాన్ ప్రధాన వరుసలో శకటును ఎఫ్5కు తెచ్చిన పిదప ఇ6 ఆడతారు. స్లావ్‌లో అదే పని తొందరపడి చేస్తే, తెలుపు డి5లో బంట్లను మార్చుకొని మంత్రిని బి3కి తెచ్చి, కాపు లేని బి7 బంటుపై దాడి చేయగలదు.

ప్రముఖుల ఆటలో

2002లో హైదరాబాదులో జరిగిన ప్రపంచ కప్పును గెలిచిన విశ్వనాథన్ ఆనంద్, 2008లో బాన్‌లో క్రామ్నిక్‌తో జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్పులో 3వ, 5వ ఆటలను నల్ల పావులతో గెలిచాడు. రెండింటిలోనూ సి6, ఇ6 బంట్లు కలిసి ఉండే సెమీ-స్లావ్ పద్ధతినే ఆడాడు. గుంటూరుకు చెందిన పెంటేల హరికృష్ణ 2001లో గ్రాండ్‌మాస్టర్, 2004లో ప్రపంచ జూనియర్ ఛాంపియన్ అయ్యాడు. ఫ్రెంచ్ డిఫెన్స్‌పై ఆన్‌లైన్ పాఠ్యక్రమాన్ని రూపొందించాడు.

అభ్యాసం

హైదరాబాదులో మొజంజాహీ మార్కెట్టుకు సమీపంలోని అబిడ్స్‌లో ఆదివారాలు కాలిబాటలపై పాత పుస్తకాలు అమ్ముతారు. ఇటువంటి చోట దొరికే పాత చదరంగ గ్రంథాలలోని ఎత్తుల వరుసలను కంప్యూటరుతో సరిచూసుకోవాలి. బంట్ల అమరికను, పావుల స్థానాలను గురించిన వివరణలు మాత్రం నేటికీ ఉపయోగపడతాయి. వరుసను కంఠస్థం చేసినవారు ప్రత్యర్థి దారి తప్పించగానే తడబడతారు, అమరికను అర్థం చేసుకొన్నవారు తగిన ఎత్తును స్వయంగా వెతుక్కోగలరు.