పుట్టిన నేల, మెట్టిన నేల: హాకీ క్రీడాకారుడు ఎరిక్ పియర్స్ చరిత్రము

ఒక దేశమున పుట్టి, వేఱొక దేశమున స్థిరపడి, ఆ రెండవ దేశము పక్షమున క్రీడారంగమున నిలుచువారు నేడు అనేకులు గలరు. వార్తాపత్రికలలో అట్టివారి పేర్లు చూచినపుడు మన విద్యార్థులలో కొందఱు "పుట్టిన దేశమునకు ఎదురు నిలిచి ఆడుట తప్పు కాదా?" అని మమ్ము అడుగుచుందురు. ఈ ప్రశ్నకు ఒక్క మాటలో సమాధానము చెప్పుటకంటె ఒక క్రీడాకారుని జీవితమును వివరించుట మేలని మాకు తోచినది. ఆయన మన దేశముననే పుట్టినవాడు; ఆయనను హాకీ ఆటగానిగ తీర్చిన సమాజము మన దేశములోనిదే; అయినను నాలుగు ఒలింపిక్ క్రీడలలో ఆస్ట్రేలియా జట్టున ఆడినవాడు. ఆయన పేరు ఎరిక్ పియర్స్.

ఎరిక్ పియర్స్ 1931వ సంవత్సరమున జబల్‌పూరు నగరమున జన్మించెను. అప్పటికి అది మధ్యపరగణాలలోనిది. నేడు మధ్యప్రదేశ్ రాష్ట్రములోనిది. సైనికుల దండు, ఫిరంగిబండ్ల కర్మాగారము, పెద్ద రైలు కూడలి గల ఊరు. ఇట్టి ఊళ్ళలో హాకీ బాగుగ వర్ధిల్లెను. కారణము స్పష్టమే. ఆంగ్లేయ పటాలములు ఆ ఆటను మన దేశమునకు తెచ్చినవి. రైల్వే, కస్టమ్సు, తంతితపాల శాఖలు తమ తమ జట్లను పోషించినవి. ఇక ఆట నేర్చుటకు చదునైన నేల, ఒక బంతి, చేతికొక కఱ్ఱ ఉన్న చాలును. 1932లో లాస్ ఏంజిలిస్ నగరమున అమెరికా జట్టుపై ఒక్క ఆటలోనే పది గోల్సు చేసిన రూప్ సింగు, అనగా ధ్యాన్‌చందు తమ్ముడు, జన్మించినదియు జబల్‌పూరుననే.

పియర్స్ కుటుంబము ఆంగ్లో-ఇండియను కుటుంబము. తండ్రుల వంశమున ఐరోపా రక్తము కలిగి, మన దేశమున పుట్టి పెరిగినవారిని ఆ పేరున పిలుతురు. సంఖ్యలో స్వల్పులైనను హాకీలో వీరిది పైచేయి. 1928లో ఆమ్‌స్టర్‌డాము నగరమున భారతదేశము హాకీలో మొదటి స్వర్ణపతకము గెలిచినపుడు జట్టులో సగమునకు పైగా వీరే. ఆ క్రీడలలో గోలు కాచిన రిచర్డ్ ఆలెన్ ఒక్క బంతినైనను గోలులోనికి పోనీయలేదు. కావున ఆంగ్లో-ఇండియను బాలునకు హాకీ కేవలము వినోదము కాదు. తన వారందఱును గర్వముగ చెప్పుకొను విద్య.

1947లో స్వాతంత్ర్యము వచ్చెను. దేశమంతయు ఉత్సవము చేసికొనుచుండగా ఈ చిన్న సమాజమునకు ఒక దిగులు పట్టుకొనెను. అంతవఱకు వీరి జీవనము రైల్వే, కస్టమ్సు, తంతితపాల ఉద్యోగములపై ఆధారపడియుండెను. క్రొత్త రాజ్యాంగమున 336వ అధికరణము ఆ ఉద్యోగములలో వీరికి గల ప్రత్యేక స్థానమును వెంటనే తీసివేయలేదు; రెండేండ్ల కొకసారి కొంత కొంతగ తగ్గించుచు పదియేండ్లకు ముగించునట్లు ఏర్పాటు చేసెను. ఇంటిభాష ఆంగ్లము, మతము క్రైస్తవము, పుట్టుక ఇచట. "మనము ఎవ్వరివారము?" అను ప్రశ్న ప్రతి యింటను పుట్టెను. కొందఱు ఇచటనే నిలిచిరి. వేలమంది ఇంగ్లండునకు, కెనడాకు, ఆస్ట్రేలియాకు వలసపోయిరి. 1947 ఆగస్టు నెలలో "మనూరా" అను నౌక బొంబాయి నుండి వందలకొలది ఆంగ్లో-ఇండియనులను పశ్చిమ ఆస్ట్రేలియాలోని ఫ్రీమాంటిల్ రేవునకు చేర్చెను. పియర్స్ కుటుంబమువారును స్వాతంత్ర్యము వచ్చిన ఆ కాలముననే ఆ రేవునకు చేరువనున్న పెర్తు నగరమున స్థిరపడిరి.

అప్పటి ఆస్ట్రేలియా తెల్లవారికి మాత్రమే తలుపు తెఱచు దేశము. అచట కాపురముండగోరు ఆంగ్లో-ఇండియనులు తమ వంశమున ఐరోపా పాలే అధికమని నిరూపించుకొనవలసి యుండెను. అనగా తమలోని ఒక భాగమును ముందుకు చూపి, రెండవ భాగమును వెనుకకు దాచిననే గాని ప్రవేశము లేదు. ఈ విధానము 1966లో కొంత సడలి, 1973లో పూర్తిగ తొలగిపోయెను. ఈ సంగతి మేము ఇచట చెప్పుటకు కారణము గలదు. వలసపోయినవాడు మెట్టిన దేశమున సుఖముగ కాలుమోపెనని అనుకొనుట పొరపాటు. ఆ గడప దాటుటకు అతడు చెల్లించు మూల్యము కొందఱికే తెలియును.

కాని వింత యేమనగా, ఆ దేశము దాచుకొమ్మనిన భాగములోనే వారి విద్య యున్నది. ఆస్ట్రేలియాలో అప్పటికి క్రికెట్టు, ఫుట్‌బాలు ఆటలకు గల గౌరవము హాకీకి లేదు. భారతదేశము నుండి వచ్చిన ఈ క్రొత్తవారు పెర్తు మైదానములలో దిగినపుడు ఆట తీరే మాఱసాగెను. బంతిని కఱ్ఱకు అంటియున్నట్లే నడుపుట, మణికట్టును త్రిప్పి ఎదుటివానిని తప్పించుట, దగ్గఱ దగ్గఱగ బంతిని అందించుకొనుచు ముందునకు సాగుట మన దేశపు పద్ధతి. విశాలమైన మైదానమున వేగముగ పరుగెత్తుట, బలముగ కొట్టుట, అలుపెఱుగక ఎదిరించుట ఆస్ట్రేలియావారి పద్ధతి. ఈ రెండును కాలక్రమమున కలిసినవి. పిమ్మట లోకమంతయు జంకిన ఆస్ట్రేలియా హాకీకి ఈ కలయిక ఒక ముఖ్యమైన పునాది.

సెసిల్, మెల్, ఎరిక్, గోర్డన్, జూలియన్ అను పియర్స్ సోదరులు ఐదుగురును ఆస్ట్రేలియా పక్షమున ఆడిరి. ఒక్క తల్లి బిడ్డలు ఐదుగురు ఒక దేశపు జట్టునకు ఎక్కుట ఎచటనైనను అరుదు. వారిలో నాలుగు ఒలింపిక్ క్రీడలు చూచినవాడు ఎరిక్.

ఇచట నియమమును గూర్చి కొంచెము చెప్పవలెను. ఒలింపిక్ నియమావళి ననుసరించి క్రీడాకారుడు ఏ దేశము పక్షమున ఆడునో ఆ దేశపు పౌరుడై యుండవలెను. ఒక దేశము పక్షమున ఆడి, తరువాత మఱియొక దేశపు పౌరుడైనవాడు సామాన్యముగ మూడేండ్లు ఆగిన పిమ్మటనే క్రొత్త దేశము పక్షమున ఆడవచ్చునని నేటి నియమము. ఎచట పుట్టితివని మాత్రము ఆ నియమము అడుగదు. ఎరిక్ భారత జట్టున ఎన్నడును ఆడియుండలేదు. కావున ఆయన ఒక జెండాను విడిచి వేఱొక జెండాను పట్టినవాడు కాడు. తనకు దొరకిన మొదటి జెండానే పట్టెను.

1956లో ఒలింపిక్ క్రీడలు ఆస్ట్రేలియాలోని మెల్‌బోర్న్ నగరముననే జరిగెను. ఒలింపిక్ హాకీలో ఆస్ట్రేలియా పాల్గొనుట అదియే మొదలు. జట్టులో ఎరిక్‌తో పాటు సోదరులును ఉండిరి. ఆస్ట్రేలియా ఐదవ స్థానమున నిలిచెను. భారతదేశము ఒక్క గోలునైనను ఇయ్యక స్వర్ణపతకము గెలిచెను. ఈ రెండు జట్లును అచట ఎదురుపడలేదు.

ఎదురుపడుట 1960లో రోము నగరమున జరిగెను. అదియు క్వార్టర్ ఫైనలున. ఈ ఆటను మేము ప్రత్యేకముగ పేర్కొనుటకు కారణము భారత జట్టు నాయకుడు. ఆయన లెస్లీ క్లాడియస్. ఆయనయు ఆంగ్లో-ఇండియనే, 1927లో బిలాస్‌పూరున జన్మించెను. జబల్‌పూరు, బిలాస్‌పూరు ఆనాడు ఒకే పరగణాలలోని ఊళ్ళు. ఒకే సమాజము, ఒకే ఆట. క్లాడియస్ కలకత్తాలో కస్టమ్సు జట్టున చేరి ఈ దేశముననే నిలిచి, మూడు స్వర్ణపతకములును ఒక రజతపతకమును తెచ్చెను. పియర్స్ సోదరులు సముద్రము దాటిరి. రోములో ఒకరు ఒక వైపున, ఒకరు మఱియొక వైపున నిలిచిరి. నిర్ణీతకాలములో ఎవ్వరును గోలు చేయలేదు. అదనపు సమయమున భారతదేశము ఒక్క గోలుతో గెలిచెను. నిలిచినవాడు దేశభక్తుడు, వెళ్ళినవాడు కృతఘ్నుడు అని తీర్పు చెప్పుట సులభము. కాని ఆ ఇరువురును తమను అన్నము పెట్టి ఆదరించిన నేలకు తమ శక్తియంతయు ధారపోసినవారే గదా!

1964లో టోక్యో నగరమున మరల ఈ రెండు జట్లును సెమీఫైనలున కలిసినవి. భారతదేశము 3-1 గోల్సుతో గెలిచి, తుదకు స్వర్ణపతకము పొందెను. ఆస్ట్రేలియా స్పెయిన్ జట్టును 3-2 గోల్సుతో ఓడించి కాంస్యపతకము గైకొనెను. హాకీలో ఆ దేశమునకు అది మొట్టమొదటి ఒలింపిక్ పతకము. ఎరిక్, జూలియన్ సోదరులు ఇద్దఱును ఆ జట్టువారే.

1968లో మెక్సికో నగరమున మూడవసారి. ఎరిక్‌కు అప్పటికి ముప్పదియేడేండ్లు. ఈ ఆటలో అది విశ్రాంతి పొందవలసిన వయస్సు. గోర్డన్, జూలియన్ కూడ జట్టులో ఉండిరి. సెమీఫైనలున భారతదేశమే మరల ఎదురయ్యెను. అదనపు సమయము వఱకు సాగిన ఆ ఆటలో ఆస్ట్రేలియా 2-1 గోల్సుతో గెలిచెను. 1928 మొదలు ఒలింపిక్ హాకీలో ప్రతి ఫైనలునకు చేరుచువచ్చిన భారతదేశము మొదటిసారిగ ఫైనలు చేరలేకపోయెను. ఫైనలున ఆస్ట్రేలియా పాకిస్థాను చేత 2-1 గోల్సుతో ఓడి రజతపతకము పొందెను; భారతదేశమునకు కాంస్యము దక్కెను. మన దేశీయులకు ఆ సెమీఫైనలు దుఃఖకరమే, దానిని దాచుకొననక్కఱలేదు. కాని ఆ దుఃఖములో ఒక ఊఱట గలదు. మనలను ఓడించిన జట్టులో ముగ్గురు సోదరులు మన దేశపు బిడ్డలు. మన విద్య మనలనే గెలిచినదని చెప్పుట అతిశయోక్తి కాదు.

ఆ కుటుంబపు ఆట అంతటితో ఆగలేదు. స్త్రీల హాకీ ఒలింపిక్ క్రీడలలో 1980లో ప్రవేశపెట్టబడెను. 1984లో లాస్ ఏంజిలిస్ క్రీడలలో ఆస్ట్రేలియా స్త్రీల జట్టున ఎరిక్ కుమార్తె కొలీన్ పియర్స్ ఆడెను. కాంస్యపతకము కొఱకు ఆస్ట్రేలియా, అమెరికా జట్లు అన్ని లెక్కలలోను సమానముగ నిలిచినందున పెనాల్టీ స్ట్రోకులతో తీర్పు జరిగెను. అమెరికా 10-5 తేడాతో గెలువగా ఆస్ట్రేలియా నాల్గవ స్థానముతో తృప్తిపడెను. తండ్రికి రెండు పతకములు వచ్చినవి. కుమార్తెకు ఒకటియు రాలేదు. అయినను ఒక విశేషము గలదు. తండ్రి ఆ దేశమునకు వచ్చి చేరినవాడు; కుమార్తె ఆ దేశపు బిడ్డయే. ఆమెను "నీవు ఎవ్వరిదానవు?" అని అడుగువారు లేరు. వలస వచ్చిన కుటుంబము ఒక నేలలో వేళ్ళు తన్నుట అనగా ఇదియే.

ఇక మొదటి ప్రశ్నకు వత్తము. మన తెలుగు ఇండ్లలో ఆడపిల్లకు పుట్టినిల్లు, మెట్టినిల్లు అని రెండిండ్లు గలవు. అత్తవారింటి మేలు కోరిన కోడలిని పుట్టినింటికి ద్రోహము చేసినదని ఎవ్వరును అనరు. పైగా ఆమె అత్తవారింట వండునది పుట్టినింట నేర్చిన చేతితోనే గదా! ఆ చేతిరుచిని మఱచి రమ్మనిన ఆ యింటికే నష్టము. ఎరిక్ పియర్స్ చరిత్రము మనకు బోధించునది ఇదియే. మెట్టిన నేలకు ఆయన ఇచ్చిన కానుక పుట్టిన నేల నుండి తెచ్చిన విద్య. అది లేకుండ ఒట్టిచేతులతో వెళ్ళినచో, ఆయన అచట పనిచేసికొని బ్రదుకు ఒక మనిషియేగాని, ఆ దేశమునకు క్రొత్తగ ఇయ్యగల దేమున్నది?

ఒడిశాలో నివసించు మనకు ఈ మాట దూరపు మాట కాదు. మన పూర్వులలో కొందఱు రైలుపనులకై, వర్తకమునకై ఇచటికి వచ్చినవారు. మఱికొందఱు కదలనే లేదు. 1936లో ఒడిశా ప్రత్యేక రాష్ట్రమైనపుడు ఎల్లలు కదలి వారిని ఇచటివారిని చేసినవి. "తెలుగు బడిలో చదివిన బిడ్డ ఈ రాష్ట్రమున పరాయివాడగునేమో" అని కొందఱు తల్లిదండ్రులు మాతో అనుచుందురు. వారి భయము మాకు తెలియనిది కాదు. కాని ఒడియాను చక్కగ నేర్చి, ఇరుగుపొరుగువారితో కలసిమెలసి, తనకు గల తెలుగు చదువును కూడ నిలుపుకొనినవాడు ఈ నేలకు రెండింతలు ఉపయోగపడును. రెండవదానిని పొందుటకు మొదటిదానిని పాఱవేయవలెనను మాట సరికాదు.

విద్య ఒక దేశముననే నిలిచియుండునది కాదు. పోవుచు వచ్చుచు నుండును. భువనేశ్వరమున 2018లోను, భువనేశ్వరము రూర్కెలాలలో 2023లోను జరిగిన ప్రపంచకప్పు హాకీ మన విద్యార్థులకు జ్ఞప్తియందున్నదే. అంతకు నడుమ, టోక్యో క్రీడలలో 2021వ సంవత్సరమున, నలుబదియొక్క యేండ్ల తరువాత భారత పురుషుల జట్టు ఒలింపిక్ పతకము గెలిచినపుడు, ఆ జట్టునకు శిక్షకుడు గ్రహామ్ రీడ్ అను ఆస్ట్రేలియా దేశీయుడు. 2024లో పారిసున భారతదేశము ఆస్ట్రేలియాను 3-2 గోల్సుతో ఓడించెను. 1972 తరువాత ఒలింపిక్ క్రీడలలో ఆ జట్టుపై మనకు అదియే మొదటి గెలుపు. ఒకప్పుడు జబల్‌పూరు నుండి సముద్రము దాటిన విద్య, వేఱొక విద్యతో కలిసి, ఈ విధముగ మన యింటికి తిరిగివచ్చెను.

కావున విద్యార్థులారా, ఎచట పుట్టితిమి అనునది మన చేతిలో లేదు. ఎచటికి పోయి బ్రదుకుదుమో అదియు కొంతవఱకే మన చేతిలోనిది. నేర్చిన దానిని చక్కగ నేర్చుట, ఉన్నచోట దానిని మనస్ఫూర్తిగ ఇచ్చుట మాత్రము పూర్తిగ మన చేతిలోనివి. మైదానమున కఱ్ఱ పట్టినను, తరగతిలో కలము పట్టినను ఈ రెంటిని మఱువకుందురని మేము ఆశించుచున్నాము.