పుస్తకాల పెట్టెలో జైలు దాటిన న్యాయకోవిదుడు

బందరులో వలందపాలెం తెలియని వారుండరు. వలందులంటే హాలెండు దేశస్తులు, డచ్చివారు. 17వ శతాబ్దం మొదట్లో మన గుడ్డల కోసం వచ్చి ఇక్కడ కొట్టు పెట్టారు. వారి సమాధులు నేటికీ ఊళ్ళో ఉన్నాయి. ఆ కంపెనీ తరఫున కలం పట్టిన కుర్ర ప్లీడరు హ్యూగో గ్రోషియస్ సంగతి మాత్రం మనవైపు ఎవరూ చెప్పుకోరు.

1583లో డెల్ఫ్ట్ పట్టణంలో పుట్టిన ఈయన 11వ ఏటనే విశ్వవిద్యాలయంలో చేరాడు. 1603లో సింగపూరు దగ్గర డచ్చివారు ఒక పోర్చుగీసు ఓడను సరుకుతో సహా పట్టుకున్నారు. అది న్యాయమేనని రాసిపెట్టమని కంపెనీ ఈయనను పురమాయించింది. అందులో ఒక అధ్యాయం 1609లో పుస్తకంగా వచ్చింది. సముద్రం ఎవరి సొత్తూ కాదు, తూర్పు దేశాలకు వాటి రాజులున్నారు, పోర్చుగీసులకు హక్కెక్కడిదని అందులో అడిగాడు. బాగానే ఉంది. కాని 1613లో మసాలా దీవుల వ్యాపారంలో తమకూ వాటా కావాలని ఇంగ్లీషువారు అడిగితే, ఈయనే లండను వెళ్ళి కుదరదని వాదించాడు. వారు ఆయన పుస్తకాన్నే ఆయన మీదికి తిప్పారు!

తరువాత మతమూ రాజకీయమూ కలిసిన తగాదాలో ఇరుక్కుని 1618లో అరెస్టయ్యాడు. మరుసటి ఏడు యావజ్జీవ శిక్ష, ఆస్తి జప్తు. లోవెస్టీన్ కోటలో ఉంచారు. భార్య మరియా కూడా వెంటే ఉంది. అక్కడ కూర్చునే హాలెండు న్యాయశాస్త్రం మీద లాటిన్‌లో కాక జనం భాషలో గ్రంథం రాశాడు. ఆ డచ్చి న్యాయం సింహళంలో నేటికీ కొంత అమలులో ఉంది.

ఆయన చదివే పుస్తకాలు ఒక పెద్ద పెట్టెలో వచ్చి పోతుండేవి. కొన్నాళ్ళకు కాపలావాళ్ళు పెట్టె తెరిచి చూడడం మానేశారు. మరియా అది కనిపెట్టింది. 1621 మార్చి 22న భర్తను అందులో పడుకోబెట్టి తాళం వేసింది. సిపాయిలే మోసుకుపోయి పడవ ఎక్కించారు. పనిపిల్ల ఎల్సే పెట్టె వెంట వెళ్ళింది. అవతలి ఊరు చేరాక ఆయన తాపీమేస్త్రీ వేషంలో సరిహద్దు దాటి పారిస్ చేరాడు. ఆ పెట్టె మాదంటే మాదని అక్కడి మ్యూజియంలు నేటికీ అంటుంటాయి.

పారిస్‌లో ఉండగా, 1625లో యుద్ధ ధర్మం, శాంతి ధర్మం గురించిన పెద్ద పుస్తకం అచ్చయింది. అప్పటికి ఐరోపాలో ముప్ఫై ఏళ్ళ యుద్ధం సాగుతోంది. ఆ కాలపు ఆచారం ప్రకారం యుద్ధంలో చంపినా, తగలబెట్టినా అడిగేవాడు లేడని ముందు దాపరికం లేకుండా రాశాడు. ఆ పైన, చెల్లుబాటైనంత మాత్రాన న్యాయం కాదంటూ ఒక్కొక్కటే వెనక్కు తీసుకున్నాడు. పిల్లల్ని, ఆడవారిని, ముసలివారిని వదలాలి. లొంగినవాణ్ణి చంపరాదు. రైతు జోలికి పోరాదు. కాయ కాసే చెట్టు నరకరాదు. ఇక్కడ మనవాళ్ళ ప్రస్తావన కూడా వస్తుంది. భారతదేశంలో సైన్యాలు పోరాడుకుంటున్నా దున్నేవాణ్ణి ముట్టుకోరని పూర్వపు గ్రీకులు రాసిన మాటను ఆయన ఉదాహరించాడు.

ఇవన్నీ ఒక పండితుడి మాటలే, దండు నడిపేవాడు వినాలని లేదు. 1645లో ఓడ ప్రమాదం తప్పించుకుని జబ్బుపడి రోస్టాక్‌లో చనిపోయేనాటికి కూడా ఆ యుద్ధం ఆగలేదు. పంటపొలాలు, పశువులు, తాగునీరు, సాగునీటి కట్టడాలు పాడుచేసి జనాన్ని మాడ్చరాదని దేశాలు కాగితం మీద రాసుకున్నది 1977లో, జెనీవా ఒప్పందాలకు చేర్చిన ప్రోటోకాల్‌లో. 1949 నాటి ఒప్పందాల్లో మన దేశం ఉంది. ఈ ప్రోటోకాల్‌లో ఇంకా చేరలేదు.