రెయిన్ జాకెట్ లోపల పొట్టు రాలుతోందా? స్ప్రే కొనకండి, ముందు ఇది చూడండి

నా నల్ల టీషర్ట్ మీద తెల్లగా కనిపిస్తోందే, చుండ్రు కాదు. నా రెయిన్ జాకెట్ లోపలి పొర.

పోయినేడాది ఆగస్టులో ఉత్తరాఖండ్‌లో వ్యాలీ ఆఫ్ ఫ్లవర్స్ ట్రెక్‌కి వెళ్లా. ఘాంఘ్రియా దగ్గర, అంటే దాదాపు 3,000 మీటర్ల ఎత్తులో, వాన మొదలైన అరగంటకే భుజాలు తడిసిపోయాయి. అక్కడ తడి బట్టలకి గాలి తోడైతే ఒంట్లో వేడి నిలవదు. పళ్లు టకటకా కొట్టుకుంటున్నాయి. రూమ్‌కొచ్చి జాకెట్ తిరగేస్తే, బ్యాగ్ పట్టీలు రుద్దుకునే చోటంతా పొలుసులు లేచిపోయి ఉంది. పైన మాత్రం ఒక్క చిరుగు లేదు!

అసలు విషయం ఏంటంటే, నీళ్లని ఆపేది పైన కనిపించే బట్ట కాదు. దాని మీద ఉండేది చుక్కలు జారిపోయే కోటింగ్ మాత్రమే. ఆపేది లోపలి పల్చటి పొర. మనం కొనే బడ్జెట్ జాకెట్లలో అది ఎక్కువగా పాలీయూరిథేన్, అంటే పీయూ. తేమ, వేడి కలిస్తే దాని పొడవాటి అణువుల గొలుసులు తెగిపోతాయి. ఇంటర్ కెమిస్ట్రీలో హైడ్రాలిసిస్ చదివాం కదా, అదే. ముందు జిగటగా అవుతుంది, తర్వాత రాలుతుంది. బీరువాలో పడున్న పాత బూట్ల సోల్ పొడైపోవడం చూసే ఉంటారు.

మరి నేనేం చేశా? వాన తగ్గగానే తడి జాకెట్ మడిచి స్కూటీ డిక్కీలో కుక్కి, బండి ఎండలో పెట్టేవాణ్ని. నాలుగేళ్లు. బీటెక్ చదివి! పైగా ఉతికితే పాడవుతుందని ఒక్కసారీ ఉతకలేదు. నిజానికి చెమట, ఒంటి జిడ్డు కూడా ఆ పొరని తినేస్తాయి, కాలర్ దగ్గర మరీను. లేబుల్ చూసి, ఫ్యాబ్రిక్ సాఫ్ట్‌నర్ లేకుండా ఉతికి, నీడలో పూర్తిగా ఆరబెట్టి హ్యాంగర్‌కి తగిలించాలి.

కుట్ల మీద టేప్ మాత్రమే ఊడితే సీమ్ సీలర్‌తో అతికించుకోవచ్చు. పొరే రాలుతుంటే మాత్రం రిపేర్ లేదు. వాటర్‌ప్రూఫ్ స్ప్రే పనిచేసేది పై బట్ట మీదే. అది తెలియక నేను డబ్బు తగలేశా.

ట్రెక్‌కి ముందు ఇంట్లోనే టెస్ట్ చేయండి. భుజం భాగాన్ని టిష్యూ మీద పరిచి, కొంచెం గుంటలా చేసి నీళ్లు పోయండి. పది నిమిషాలాగి వేలితో గట్టిగా నొక్కి చూడండి. టిష్యూ తడిస్తే ఆ జాకెట్ కొండెక్కించొద్దు. నాది ఇప్పుడు బండి సీటు కవర్. అక్కడా కారుతోంది!