చీటీ కట్టి పంపిన బాల్యం

రెండో ప్రపంచ యుద్ధంలో బ్రిటన్ చేపట్టిన బాలల తరలింపు, అంటే జర్మన్ బాంబులు పడగల నగరాల నుంచి పిల్లలను పల్లెలకూ చిన్న పట్టణాలకూ పంపివేసే ప్రభుత్వ పథకం, యుద్ధ ప్రకటనకు రెండు రోజుల ముందే, 1939 సెప్టెంబరు 1న మొదలై, కొద్ది రోజుల్లోనే దాదాపు 15 లక్షల మందిని కదిలించింది. వారిలో సగానికి పైగా అమ్మానాన్నలు తోడు లేకుండా, కోటుకు పేరు రాసిన చీటీతో, భుజాన విషవాయువు నుంచి కాపాడే ముసుగు పెట్టెతో, ఉపాధ్యాయుల వెంట రైలెక్కిన బడిపిల్లలే. ఆశ్రయమిచ్చిన ఇంటికి ప్రభుత్వం ఒక్క బిడ్డకైతే వారానికి 10 షిల్లింగుల 6 పెన్నీలు చెల్లించేది. ఏ బిడ్డ ఏ ఇంటికి చేరాలన్నది మాత్రం చాలా ఊళ్లలో పిల్లలను వరుసగా నిలబెట్టి, గృహస్థులు నచ్చినవారిని ఎంచుకోవడంతో తేలిపోయేది.

ఈ తరలింపును ఆ వరుసలో నిలబడిన బిడ్డ కళ్లతో చూడడానికి బాలసాహిత్యానికి ఒక తరం పట్టింది. బ్రిటన్‌లో ఉత్తమ బాలల పుస్తకానికిచ్చే కార్నెగీ పతకాన్ని 1940కి గాను పొందిన కిట్టీ బార్న్ నవల ‘విజిటర్స్ ఫ్రమ్ లండన్’ కథను ఆతిథ్యమిచ్చేవారి వైపు నుంచి నడుపుతుంది. సి.ఎస్. లూయిస్ 1950లో వెలువరించిన తొలి నార్నియా నవలలో నలుగురు పిల్లలు ఒక ప్రొఫెసర్ ఇంటికి చేరింది బాంబుదాడుల వల్లనే అయినా, ఆ సంగతి ఆరంభంలోనే ముగిసిపోయి బీరువా తలుపు నార్నియా అనే మాయాలోకంలోకి తెరుచుకుంటుంది.

బాల్యంలో స్వయంగా లండన్ నుంచి వేల్స్‌కు తరలిన నీనా బాడెన్ 1973లో రాసిన ‘కారీస్ వార్’ ఈ కోవలో అన్నిటికన్నా లోతైనది. అందులో కారీ, ఆమె తమ్ముడు నిక్ ఒక గనుల పట్టణంలో కఠినుడైన దుకాణదారు ఇంట మసలుతూ, ఊరవతలి పాత ఇంట్లో ఆప్యాయత పొందుతారు. ఆ ఇంటి నుంచి ఒక పుర్రెను బయటికి తీస్తే ఇల్లు కూలుతుందన్న నమ్మకం ఉంది. కోపంలో కారీ దాన్ని చెరువులోకి విసిరేస్తుంది. తిరిగి వెళ్లే రైలు నుంచి ఆ ఇల్లు మంటల్లో కనిపించగా, తప్పు తనదేనని నమ్మి, పెద్దయ్యాక కూడా ఆ బరువును మోస్తుంది. పరాయి ఇంట పెద్దల మనసులు తెలియక, అడిగే ధైర్యం లేక, జరిగిన చెడుకల్లా తానే కారణమనుకునే పసిమనసును బాడెన్ ఎంత కచ్చితంగా పట్టుకున్నదో చెప్పడానికి ఈ ఒక్క ఘట్టం చాలు. లండన్‌లో యుద్ధకాలపు శిశుసంరక్షణాలయాలు నడిపిన అనా ఫ్రాయిడ్, డొరోతీ బర్లింగ్‌హామ్ కూడా చిన్నపిల్లలను బాంబుల కన్నా తల్లి నుంచి ఎడబాటే ఎక్కువగా కలవరపెట్టిందని 1943 నాటికే రాశారు.

ఈ నిర్ధారణను తలకిందులు చేసింది మిషెల్ మగోరియన్ 1981 నవల ‘గుడ్‌నైట్ మిస్టర్ టామ్’. తల్లి చేతిలో దెబ్బలు తిన్న విలియమ్‌కు తరలింపే రక్ష. భార్యావియోగంతో ముడుచుకుపోయిన వృద్ధుడు టామ్ ఇంట అతడు తొలిసారి చదవడం, బొమ్మలు వేయడం, స్నేహం చేయడం నేర్చుకుంటాడు. అయినా తల్లి కబురు పంపితే లండన్‌కు వెళ్లక తప్పదు, ఎందుకంటే బిడ్డను బాంబు నుంచి కాపాడాలనుకున్న పథకం అతని ఇల్లు ఎటువంటిదో అడగలేదు. జాడ తెలియని విలియమ్ కోసం, చట్టం దృష్టిలో ఏ హక్కూ లేని టామ్ నగరానికి బయలుదేరవలసి వస్తుంది.