గడ్డం తొండని ఇంటికి తెచ్చుకునే ముందు

పోయిన సెమిస్టర్ సెలవుల్లో ఫోన్‌లో ఒక వీడియో చూశా. ఒకతను ల్యాప్‌టాప్ ముందు కూర్చుని కోడ్ రాస్తున్నాడు, భుజం మీద ఒక పెద్ద తొండ. అది అరవదు, కదలదు, అప్పుడప్పుడు కళ్లు మూసుకుంటుంది, అంతే. పేరు బియర్డెడ్ డ్రాగన్. నాకు తెగ నచ్చేసింది. కుక్కలాగా వాకింగ్‌కి తీసుకెళ్లే పని లేదు, రాత్రంతా మొరిగే గోల లేదు. కంప్యూటర్ సైన్స్ వాడికి ఇంతకన్నా సరిపోయే జంతువు ఉండదనుకున్నా.

శ్రీరాంపూర్‌లో మా క్వార్టర్‌కి వెళ్లాక ఆ వీడియో అమ్మకి చూపించా. అమ్మ ఒక్కసారి చూసి, "ఇంటెనక గోడ మీద ఇన్ని తొండలుంటే సాలవా బిడ్డా, ఇంకోటి పైసలు పెట్టి కొంటవా?" అన్నది.

నవ్వొచ్చింది గానీ, సైన్స్ ప్రకారం అమ్మ మాట కరెక్టే. మన తొండ, ఈ బియర్డెడ్ డ్రాగన్ రెండూ అగామిడే అనే ఒకే కుటుంబం. వరసకి చుట్టాలు. ఆ రోజు నుంచి కొనాలా వద్దా అని తేల్చుకోవడానికి చదివి రాసుకున్న విషయాలే ఈ వ్యాసం. మీలో ఎవరికైనా ఇదే ఆలోచన ఉంటే పనికొస్తుంది.

ఇంతకీ ఎవరీ చుట్టం?

శాస్త్రీయ నామం పోగోనా విట్టిసెప్స్. గ్రీకు భాషలో పోగోన్ అంటే గడ్డం. ఆస్ట్రేలియా లోపలి భాగంలో, వానలు తక్కువ పడే నేలల్లో బతుకుతుంది. భయమేసినా కోపమొచ్చినా గొంతు కింది ముళ్ల తిత్తిని ఉబ్బించి నల్లగా చేసుకుంటుంది, అదే గడ్డం. తలను పైకీ కిందకీ ఊపితే "ఇది నా ఏరియా" అని. ఒక ముందుకాలు ఎత్తి మెల్లగా ఊపితే "నీతో గొడవ వద్దు" అని. మన గోడ మీది తొండ దండాలు తీసినట్టు ఊగుతుంది చూడండి, ఇదీ అలాంటి భాషే.

ఒక వింత కూడా చెప్పాలి. వీటిలో ఆడా మగా అనేది క్రోమోజోములే నిర్ణయిస్తాయి. కానీ గుడ్లు పొదిగే వేడి సుమారు 32 డిగ్రీలు దాటితే, మగ క్రోమోజోములు ఉన్న పిల్లలు కూడా ఆడవిగా పుట్టొచ్చు. అడవిలో కూడా ఇలా జరుగుతోందని 2015లో ఆస్ట్రేలియా పరిశోధకులు చూపించారు.

తలనుంచి తోక దాకా పెద్దదైతే 45 నుంచి 60 సెంటీమీటర్లు. ఆస్ట్రేలియా తన దేశపు సరీసృపాలను పెంపకం కోసం అమ్ముకోవడానికి బయటికి పంపనివ్వదు. కాబట్టి మనకి కనిపించేవన్నీ వేరే దేశాల్లోనో ఇక్కడో బోనుల్లో తరతరాలుగా పుట్టినవే.

ఇది ఎన్నేళ్ల పని?

బాగా చూసుకుంటే ఎనిమిది నుంచి పన్నెండేళ్లు బతుకుతుంది. పదిహేనేళ్లు బతికినవీ ఉన్నాయి. ఇక్కడే నేను మొదటిసారి ఆగిపోయా. నాకిప్పుడు పంతొమ్మిది. ఇవాళ పిల్లని తెస్తే అది ముసలిదయ్యేసరికి నాకు ముప్పై దాటుతాయి. మధ్యలో హాస్టల్, ఇంటర్న్‌షిప్, ప్లేస్‌మెంట్, ఏ ఊళ్లోనో పీజీ రూమ్. నాలుగడుగుల గాజు పెట్టె చూసి ఏ ఓనర్ రూమ్ ఇస్తాడు?

పోనీ ఇంట్లో ఉంచుదామా అంటే, బాపుది సింగరేణిలో షిఫ్ట్ డ్యూటీ. నైట్ షిఫ్ట్ చేసొచ్చి పొద్దంతా పడుకునే మనిషి. రిటైర్ అయ్యాక క్వార్టర్ ఖాళీ చేయాలి. అంటే చివరికి మిగిలేది అమ్మే. ఫొటోలు నావి, పని అమ్మది. హాస్టల్లో ఉండే ఎవరైనా ముందు అడగాల్సిన ప్రశ్న ఇదే: నేను లేని రోజున దీన్ని చూసేది ఎవరు, వాళ్లు ఒప్పుకున్నారా?

ఎడారి జంతువే కదా, మన ఎండలకేం?

నేనూ ఇలాగే అనుకున్నా. మే నెలలో శ్రీరాంపూర్ ఎండ గురించి చెప్పక్కర్లేదు, 45 డిగ్రీలు మామూలే. ఓపెన్ కాస్ట్ గని పక్కనుంటే ఇంకా ఎక్కువ అనిపిస్తుంది. హీటర్ ఖర్చు మిగిలిందనుకున్నా. అది తప్పు.

సరీసృపాలు మనలాగా ఒంట్లో వేడిని తయారు చేసుకోలేవు. ఎండలోకి పోయి వేడెక్కుతాయి, నీడలోకి పోయి చల్లబడతాయి. అందుకే పెట్టెలో ఒక కొస దాదాపు 40 డిగ్రీలు, రెండో కొస 25 దగ్గర ఉండాలి. వేడి కొస లేకపోతే తిన్నది అరగదు. చల్ల కొస లేకపోతే అది ఉడికిపోతుంది. అడవిలో అయితే ఎండ మరీ ముదిరితే బొరియలోకి దూరుతుంది. గాజు పెట్టెలో ఎటు పోతుంది? మన గదే 40 దగ్గర ఉంటే పెట్టెలో చల్ల కొస ఎక్కడ్నుంచి వస్తుంది? అంటే మన దగ్గర అసలు సమస్య వేడి చేయడం కాదు, చల్లగా ఉంచడం.

కూలర్ పెడదామంటే అది గాలిలో తేమ పెంచుతుంది. దీనికి 30, 40 శాతం తేమ చాలు. ఎప్పుడూ తడిగాలి తగిలితే ఊపిరితిత్తుల జబ్బులు వస్తాయి. మరి ఏసీనా? ఇంట్లో మనుషులకే లేని ఏసీ తొండకి పెట్టించమంటే బాపు ఏమంటాడో మీరే ఊహించుకోండి.

చలికాలం ఇంకో కథ. ఆదిలాబాద్ వైపు చలి తెలంగాణ మొత్తంలోనే ఎక్కువ. రాత్రి పెట్టెలో వేడి 18 డిగ్రీలకన్నా తగ్గకూడదంటారు కాబట్టి, వెలుతురు రాకుండా వేడినిచ్చే సిరామిక్ హీటర్, దానికో థర్మోస్టాట్ కావాలి.

కనిపించని వెలుతురు

అన్నిటికన్నా ముఖ్యమైంది ఇదే. దీనికి యూవీబీ కిరణాలు కావాలి. అవి చర్మానికి తగిలితేనే ఒంట్లో డి విటమిన్ తయారవుతుంది, డి విటమిన్ ఉంటేనే తిన్న కాల్షియం ఎముకలకి చేరుతుంది. కిటికీ పక్కన పెడితే సరిపోదా అంటే సరిపోదు, మామూలు గాజు యూవీబీని ఆపేస్తుంది. అందుకే ప్రత్యేకమైన పొడుగు ట్యూబ్ లైట్ పెడతారు. అది కూడా ఆరు నెలల నుంచి ఏడాదిలోపు మార్చాలి. లైట్ వెలుగుతూనే ఉంటుంది, అందులో యూవీబీ మాత్రం అయిపోతుంది. సర్వర్ ఆన్‌లో ఉంది, డేటా మాత్రం రావట్లేదు అన్నట్టు.

నాకు తెలిసిన ఒక సీనియర్ హాస్టల్ రూమ్‌లో రహస్యంగా ఒకదాన్ని పెంచాడు. ప్లాస్టిక్ డబ్బా, పైన మామూలు బల్బు. అమ్మినవాడు అది చాలన్నాడట. మూడో నెలకి దాని కాళ్లు వణకడం మొదలైంది. తర్వాత దవడ మెత్తబడింది, పురుగును కొరకలేకపోయింది. ఐదో నెలలో పోయింది. దాన్ని అతను చాలా ప్రేమగా చూసుకున్నాడు, అందులో అబద్ధం లేదు. చివరి వారం గ్లూకోజ్ నీళ్లు చుక్కలు చుక్కలుగా పట్టాడు. కానీ దానికి కావాల్సింది వెలుతురు. అతను ఇప్పటికీ దాని పేరెత్తితే మాట మార్చేస్తాడు. ఈ వ్యాసం రాయడానికి సగం కారణం అదే.

కరెంటు లెక్క కూడా వేసుకుందాం. వేడి బల్బు 75 వాట్లు, ట్యూబ్ ఒక 35 వాట్లు అనుకుంటే మొత్తం 110. రోజుకి 12 గంటలు వెలిగితే 1.32 యూనిట్లు, నెలకి దాదాపు 40. థర్మోస్టాట్ ఉంటే కొంత తగ్గొచ్చు, చలికాలం రాత్రి హీటర్ పెడితే పెరుగుతుంది. బిల్లు భరించలేనంత కాదు. కానీ కరెంటు పోతే బ్యాకప్ ఏంటో ముందే ఆలోచించుకోవాలి.

పురుగులు ఎక్కడ దొరుకుతాయి?

చిన్న పిల్లలు ఎక్కువగా పురుగులే తింటాయి, రోజుకి రెండు మూడు సార్లు. పెద్దయ్యాక ఆకులే ఎక్కువ, పురుగులు వారానికి రెండు మూడు సార్లు. కీచురాళ్లు, డూబియా బొద్దింకలు, మీల్‌వార్మ్స్ లాంటివి పెడతారు. పురుగు సైజు దాని రెండు కళ్ల మధ్య దూరం కన్నా పెద్దగా ఉండకూడదు. పెట్టే ముందు కాల్షియం పొడి చల్లాలి.

చేన్లలో బోలెడు మిడతలు ఉన్నాయి కదా అనుకోకండి. మన చుట్టూ పత్తి చేలు, వాటికి కొట్టే మందులు మనకి తెలిసినవే. ఆ మందు తిన్న మిడతని ఇది తింటే దీని పనీ అంతే. మిణుగురులైతే అసలు పెట్టొద్దు, ఒక్కటి తిన్నా చనిపోవచ్చు. కొరియర్‌లో తెప్పిస్తే మే ఎండకి దారిలోనే సగం పురుగులు చచ్చిపోతాయి. మిగిలిన దారి ఇంట్లోనే పురుగుల్ని పెంచడం. అంటే మీరు ఒక జంతువుని కాదు, రెండు రకాల్ని పెంచుతున్నారు. బొద్దింకని చూస్తే చీపురు తీసుకునే అమ్మకి, డబ్బా నిండా బొద్దింకలు కావాలని చెప్పే ధైర్యం నాకు లేదు.

ఆకుల్లో కూడా చూసుకోవాలి. పాలకూర, తోటకూర మనకి మంచివే గానీ వాటిలోని ఆక్సలేట్లు కాల్షియంని పట్టేసుకుంటాయి, రోజూ పెట్టొద్దు. ఆవాకు, గుమ్మడికాయ తురుము నయం. అవకాడో అసలు పెట్టకూడదు.

డాక్టర్, చేతులు, చట్టం

మన దగ్గరి పశువుల ఆసుపత్రుల్లో ఎక్కువగా చూసేది బర్రెలు, మేకలు, కుక్కలనే. తొండకి వైద్యం అంటే అనుభవం వేరే ఉండాలి. పాత కరీంనగర్ జిల్లాలో కోరుట్లలో, హైదరాబాద్‌లో రాజేంద్రనగర్‌లో పశువైద్య కళాశాలలు ఉన్నాయి. సరీసృపాలను చూస్తారా అని కొనకముందే ఫోన్ చేసి కనుక్కోండి. జబ్బు పడ్డాక వెతికితే ఆలస్యం అవుతుంది, ఎందుకంటే ఇవి జబ్బుని చివరి దాకా బయటపడనీయవు.

రెండోది, ఆరోగ్యంగా ఉన్న బియర్డెడ్ డ్రాగన్ ఒంటి మీద కూడా సాల్మొనెల్లా బాక్టీరియా ఉండొచ్చు. ముట్టుకున్నాక సబ్బుతో చేతులు కడగాలి, దాని గిన్నెలు వంటింటి సింక్‌లో కడగొద్దు. ఇంట్లో ఐదేళ్లలోపు పిల్లలుంటే మళ్లీ ఆలోచించండి.

మూడోది చట్టం. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం మన అడవి జీవుల్ని పెంచుకోవడం నేరం. నక్షత్ర తాబేలు, ఉడుము మొదటి షెడ్యూల్లో ఉన్నాయి, పట్టుబడితే కనీసం మూడేళ్ల జైలు. చాలామంది ఇళ్లలో పంజరంలో కనిపించే రామచిలుక కూడా చట్టం కాపాడే జీవే. ఇక విదేశీ జీవుల సంగతి. 2022 సవరణతో ఈ చట్టంలో నాలుగో షెడ్యూల్ వచ్చింది, అంతర్జాతీయ ఒప్పందం కింద ఉన్న జీవులు అందులో ఉంటాయి. ఇగువానా, బాల్ పైథాన్ అలాంటివే. 2024 ఫిబ్రవరిలో వచ్చిన నియమాల ప్రకారం అలాంటి జీవి మీ దగ్గరుంటే పరివేష్ పోర్టల్‌లో నమోదు చేయాలి. కాబట్టి ఏది కొనాలన్నా దాని శాస్త్రీయ నామం కనుక్కుని షెడ్యూల్లో ఉందో లేదో చూడండి. ఎక్కడ పుట్టింది, ఎవరు అమ్మారు అన్నది కాగితం మీద రాయించుకోండి. రాసివ్వనన్న వాడి దగ్గర కొనొద్దు. బ్యాంకాక్ నుంచి సూట్‌కేసుల్లో కుక్కి తెచ్చిన జంతువుల్ని చెన్నై ఎయిర్‌పోర్టులో పట్టుకున్న వార్తలు మీరూ చదివే ఉంటారు. మనం కొంటేనే వాళ్లు తెస్తారు.

ఇంకొక్క మాట. విసుగొస్తే బయట వదిలేద్దాం అనుకోవద్దు. కుక్కో కాకో చంపుతుంది, లేదా ఆకలితో చస్తుంది.

చివరికి ఏం చేశా?

ఈ ప్రశ్నలు ఒక కాగితం మీద రాసుకున్నా. పదేళ్లు ఎవరు చూస్తారు? మే నెలలో చల్ల కొస ఎలా? యూవీబీ ట్యూబ్ మార్చే డబ్బు ఎవరిది? పురుగులు ఎక్కడివి? డాక్టర్ ఎవరు? కాగితాలు ఉన్నాయా? ఆరింటిలో నాకు ఒక్క దానికే జవాబు ఉంది, అదీ ట్యూబ్ డబ్బు. కొనలేదు. ఉద్యోగం వచ్చి, సొంతంగా ఒక గది ఉండి, ఈ ఆరింటికీ జవాబు రాయగలిగిన రోజు మళ్లీ చూద్దాం అనుకున్నా. మీకు ఇప్పుడే ఆరు జవాబులూ ఉంటే హాయిగా తెచ్చుకోండి, నిజంగా మంచి జంతువు.

ఈలోగా సెలవులకి ఇంటికి పోతే వెనక గోడ చూస్తున్నా. ఎండాకాలం మొదట్లో మగ తొండ గొంతు ఎర్రబడి దండాలు తీస్తుంది. చిన్నప్పుడు మేమంతా రాళ్లు పెట్టి కొట్టినవాళ్లమే. ఇప్పుడు పక్క లైన్ పిల్లలు రాయి ఎత్తితే నేను అరుస్తున్నా, వాళ్లు నన్ను వింతగా చూస్తున్నారు. మొన్న ఫోన్‌లో అమ్మ అన్నది, "నీ దోస్తు ఇయ్యాల గోడ మీదికి రాలే, ఎండ ఎక్కువున్నది."

దానికి చల్ల కొస ఎక్కడుందో దానికి తెలుసు.